జర్మన్ సాబ్, మా కాక

మొన్న తెల్లవారుజామున భీవండి నుంచి ఫోన్. "అన్నా, బాపు రాత్రి పోయిండు" అన్నాడు మా చిన్న కాక కొడుకు. వాడి గొంతులో ఏడుపు లేదు. కాక చానా రోజులుగా మంచం మీదే ఉన్నాడు. "ఇప్పుడు బయల్దేరినా అందుకోలేవు. దినాలకు రా" అని పెట్టేశాడు.

ఫోన్ పక్కన పెట్టి కూచుంటే కాక వేళ్లే కళ్లముందు కదిలాయి. కుడిచేతి బొటనవేలు, చూపుడువేలు కొసలు గీతలు అరిగిపోయి నున్నగా ఉండేవి. కాలుతున్న లైట్ల రేకు తలుపుల్ని ఏళ్ల తరబడి పట్టుకుని తిప్పిన వేళ్లు అవి. ఆధార్ కార్డు కోసం వెళ్తే ఎన్నిసార్లు అద్దినా మిషన్ ముద్ర తీసుకోలేదట. "సర్కారు లెక్కల నేను లేనే లేనురా" అని ఊళ్లో అందరికీ చెప్పుకుని నవ్వేవాడు.

కాక బొంబాయి సినిమాల్లో లైట్‌బాయ్. జుట్టు తెల్లబడ్డాక కూడా బాయే. ఆయన నోట ఎప్పుడూ ఆడే పేరు ఒక్కటి: జర్మన్ సాబ్. ఆ మనిషిని కాక ఒక్కసారీ చూడలేదు. ఆయన చనిపోయిన తర్వాతే కాక స్టూడియో గడప తొక్కాడు. అయినా సొంత మేనమామ గురించి చెప్పినంత చనువుగా చెప్పేవాడు. ఆ జర్మన్ సాబ్ పేరు జోసెఫ్ విర్షింగ్ అని, హిందీ సినిమాలకు పనిచేసిన కెమెరామాన్ అని నాకు చాలా ఏళ్లకు గానీ తెలియలేదు.

*

మాది సిరిసిల్ల. మా బాపు ఊళ్లోనే సాంచాల మీద, అంటే మరమగ్గాల మీద బతికాడు. కాక అందరిలాగే భీవండి పోయి సాంచాల్లోనే చేరాడు కానీ, ఆ చప్పుడుకు చెవులు పోతాయని ఓ రోజు కల్యాణ్‌లో లోకల్ ఎక్కి బొంబాయిలో దిగిపోయాడు. ఎవరో తెలిసినవాళ్లు స్టూడియోలో కేబుళ్లు మోసే పని ఇప్పించారు. ఇంట్లో దీన్ని ఎవరూ గొప్పగా చెప్పుకోలేదు. "మగ్గం ఇడిసిపెట్టి దీపాలు మోస్తుండు" అని మా నాయనమ్మ నిట్టూర్చేది.

కాక దసరాకు తప్పకుండా వచ్చేవాడు. జమ్మి ఆకు చేతుల్లో పెట్టుకుని, అందరితో అలాయి బలాయి అయిపోయాక పిల్లలందర్నీ పోగుచేసి సినిమాకు తోలుకపోయేవాడు. కాకతో సినిమా చూడటం ఓ శిక్ష. కథ సాగనిచ్చేవాడు కాదు. "హీరోయిన్ను ఏం జూస్తవురా, గోడను జూడు" అనేవాడు. గోడ మీద ఏముంటుంది? నీడలుంటాయి. ఆ నీడ ఎటు పడింది, రెండో నీడ ఎందుకు పడలేదు, పడకుండా పైనుంచి ఎవడో ఒకడు నల్ల గుడ్డ కట్టిన కట్టర్ ఎట్ల అడ్డం పెట్టి నిలబడ్డాడు... ఇదీ ఆయనకు కనిపించే సినిమా. ముందు వరుసలోవాళ్లు వెనక్కి తిరిగి తిట్టేవాళ్లు.

విడుదలైన చానా కాలానికి పాకీజా అనే హిందీ సినిమా కరీంనగర్‌కు మళ్లీ వచ్చింది. పాత కాపీ, తెర నిండా గీతల వాన. టాకీసు మాత్రం నిండిపోయింది. పాటలు మొదలైతే బెంచీలో పైసలు ఎగిరేవి. కాక నా తొడ గిచ్చి చెవిలో చెప్పడం మొదలుపెట్టాడు. "ఇది జర్మన్ సాబ్ తీసింది." కాసేపటికి, "ఇది కాదు, ఆయన పోయినంక తీసింది." మళ్లీ, "ఇదిగో, ఇది ఆయనదే." నాకు రెంటికీ తేడా తెలిస్తే ఒట్టు. మర్నాడు బతిమాలి మళ్లీ తీసుకెళ్లాను, ఈసారి జాగ్రత్తగా గుర్తుపెట్టుకుని. కాక అవే ముక్కలకు తారుమారుగా చెప్పాడు. నిన్న జర్మన్ సాబ్‌ది అన్నది ఇవాళ కాదన్నాడు. ఇంటర్వెల్లో సోడా తాగుతూ నిలదీశాను.

కాక ఏమాత్రం తడబడలేదు. "గదే కదరా నేను జెప్పేది. ఎవడూ పట్టరాకుంట చేసినం."

ఆ 'చేసినం'లో కాక నిజంగా ఉన్నాడా అని నాకు ఇప్పటికీ అనుమానమే. పాకీజా సగంలో ఆగి మళ్లీ మొదలైన రోజుల్లో కాక బొంబాయిలో ఉన్నాడన్నది ఖాయం. ఆ సెట్లో ఉన్నాడా అంటే ఏ కాగితమూ లేదు. లైట్‌బాయ్‌ల పేర్లు తెర మీద వేసే అలవాటు ఎప్పుడుంది కనుక? ఉన్నాడనే నేను నమ్మాను. నమ్మకపోతే పోయేదేమీ లేదు కానీ, నమ్మడం వల్ల నా బతుకు దారి మారింది.

*

పది తప్పి ఇంట్లో ఖాళీగా ఉన్నప్పుడు కాక నన్ను బొంబాయి తీసుకుపోయాడు. నిజామాబాద్ దాకా బస్సు. అక్కడ మీటర్ గేజ్ బండి ఎక్కితే నాందేడ్, ఔరంగాబాద్ మీదుగా మన్మాడ్. మన్మాడ్‌లో దిగి, మూటలు నెత్తిన పెట్టుకుని పెద్ద బండికి మారాలి. ఆ ప్లాట్‌ఫారం మీద అర్ధరాత్రి వడాపావ్ వాసన, ఎవరో బిడ్డ ఏడుపు, తెలుగూ మరాఠీ ఉర్దూ కలగలిసిన తగువులు. నా మొదటి బొంబాయి అదే.

ఓ కెమెరా అద్దెకిచ్చే గోడౌన్‌లో అటెండెంట్‌గా చేరాను. కెమెరా తుడవడం, పెట్టెలు మోయడం, చీకటి గదిలో కళ్లు లేనివాడిలా తడుముకుంటూ మ్యాగజైన్‌లో, అంటే కెమెరాకు తగిలించే ఫిల్మ్ పెట్టెలో, ఫిల్మ్ ఎక్కించడం. కొత్త ఫిల్మ్ డబ్బా మూత తీయగానే వచ్చే ఆ కమ్మటి ఘాటు వాసన ఇప్పటి పిల్లలకు ఎలా చెప్పాలో తెలియదు. కోటా మీద దొరికే సరుకు కాబట్టి అడుగు ఫిల్మ్ పాడైనా ఇంటికి పంపేసేవాళ్లు. మా గోడౌన్‌లో ఎక్కువగా ఉన్నవి ఆరిఫ్లెక్స్ కెమెరాలు. "ఇవి యాడివో తెల్సా? మ్యూనిక్. జర్మన్ సాబ్ ఊరివి" అన్నాడు కాక మొదటి రోజే, తనే తెప్పించినంత గర్వంగా.

ఈ మాట మాత్రం నిజం. ఆర్నాల్డ్, రిక్టర్ అనే ఇద్దరు కుర్రాళ్లు 1917లో మ్యూనిక్‌లో ఆ కంపెనీ పెట్టారు. విర్షింగ్ 1903లో పుట్టింది ఆ ఊళ్లోనే. ఆ ఊళ్లోనే ఎమెల్కా అనే సినిమా కంపెనీ ఉండేది. బెర్లిన్‌లో ఊఫాకు ఎంత పేరో, దక్షిణాన బవేరియాలో ఎమెల్కాకు అంత పేరు. విర్షింగ్ కుర్రతనంలో అందులోనే పనిలో చేరాడు. ఎమెల్కా పెట్టినాయనకు స్వయానా పెద్దన్న ఫ్రాంజ్ ఓస్టెన్ అక్కడ దర్శకుడు. వీళ్ల దగ్గరికి హిమాంశు రాయ్ అనే బెంగాలీ యువకుడు బుద్ధుడి కథ పట్టుకుని వచ్చాడు. డబ్బు ఇండియాలో పుట్టిస్తాను, కెమెరాలు, మనుషులు మీరివ్వండి అన్నాడు. అట్లా 1925లో ఇరవై రెండేళ్ల విర్షింగ్ ఓడ దిగాడు.

ఆ సినిమా పేరు ప్రేమ్ సన్యాస్. బొంబాయిలో మాక్స్ ముల్లర్ భవన్‌లో ఓ సాయంత్రం వేస్తే చూశాను. మూకీ. విల్లీ కీర్మయర్ అనే ఇంకో కెమెరామాన్‌తో కలిసి విర్షింగ్ దాన్ని తీశాడు. జైపూర్ మహారాజు ఏనుగుల్ని, నగల్ని, మనుషుల్ని ఇచ్చాడు. స్టూడియో సెట్లు లేవు, అంతా అసలు కోటలు, అసలు ఎండ. అందులో వింత ఏమిటంటే ఆ ఎండే. జర్మనీలో అప్పట్లో సినిమా అంటే స్టూడియో గోడల మధ్య రంగు పూసిన నీడలు, వంకర మేడలు, ప్రతి వెలుగూ మనిషి చేత్తో పెట్టింది. అక్కణ్నుంచి వచ్చినవాడికి జైపూర్‌లో నడినెత్తిన మండే సూర్యుడు దొరికాడు. ఆయన ఆ ఎండకు ఎదురు తిరగలేదు. మనుషుల్ని తోరణాల కిందికి, ద్వారాల్లోకి తెచ్చి సగం మొహం నీడలో నిలబెట్టాడు. మా కాక పక్కనుంటే "గోడను జూడు" అనడానికి క్షణం పట్టేది కాదు. నేను నోరు మూసుకుని చూశాను.

*

ఓ ఆదివారం కాక నన్ను మలాడ్ తీసుకెళ్లాడు. "బాంబే టాకీస్ చూపిస్త" అన్నాడు. నేనేదో పెద్ద గేటు, కుర్చీలు, కార్లు ఊహించుకున్నాను. వెళ్తే లేతు మిషన్ల చప్పుడు, రేకుల షెడ్లు, ఆయిలు మడుగులు, సైకిళ్ల మీద టిఫిన్ డబ్బాలు. పాత కట్టడాల ముక్కలు అక్కడక్కడా మిగిలాయి. కాక ఓ పెచ్చులూడిన గోడ మీద చెయ్యి పెట్టి చాలాసేపు నిలబడ్డాడు. అది నిజంగా స్టేజీ గోడో, ఇంకేదైనా గోడో ఆయనకూ తెలియదు. ఓ వర్క్‌షాపు మనిషి వచ్చి "క్యా చాహియే?" అని అడిగితే బయటికి వచ్చేశాం.

1934లో హిమాంశు రాయ్, ఆయన భార్య, నటి దేవికా రాణి కలిసి అక్కడ ఆ సినిమా కంపెనీ పెట్టారు. ఎఫ్.ఇ. దిన్షా అనే పార్సీ ధనవంతుడి తోట బంగళా అది. దేవికా రాణి పుట్టింది మన వాల్తేరులో. వాళ్ల నాన్న మద్రాసు ప్రెసిడెన్సీలో పెద్ద సర్జన్. ఓస్టెన్‌నూ, విర్షింగ్‌నూ మళ్లీ పిలిపించారు. ల్యాబుకు విల్హెల్మ్ జోలే, సెట్లకు కార్ల్ ఫాన్ స్ప్రెటీ అనే దొర వచ్చారు. ఆ స్ప్రెటీ కథ మరోలా ముగిసింది. సినిమాలొదిలి రాయబారి అయి, 1970లో గ్వాటెమాలాలో గెరిల్లాల చేతిలో హతమయ్యాడు. మలాడ్ తోటలో ప్లాస్టరు గుడిసెలు కట్టించిన మనిషికి అక్కడ చావు రాసిపెట్టి ఉందని ఎవరనుకుంటారు!

అఛూత్ కన్యా 1936లో వచ్చింది. రైల్వే గేటు కాపలా కాసే అంటరాని కులస్తుడి కూతురు, బ్రాహ్మణ అబ్బాయి. అశోక్ కుమార్ హీరో కాకముందు ఆ కంపెనీ ల్యాబులోనే పనిచేసేవాడు. నాకు ఆ సినిమా కథ కంటే అందులోని రాత్రులు ఇష్టం. రైలు గేటు దగ్గర లాంతరు, దాని చుట్టూ ఎంత మేర వెలగాలో అంతే వెలుగు, మిగతా తెరంతా నలుపు. మనవాళ్లు అప్పటికి తెర నిండా వెలుగు పోయడమే లైటింగ్ అనుకునేవాళ్లు. మొహం కనపడకపోతే టికెట్ డబ్బులు వాపసు అడుగుతారని భయం. ఆ భయం లేకుండా నల్లగా వదిలేసిన చోటే ఈయన చెయ్యి తెలుస్తుంది.

అప్పట్లో పాట కూడా సెట్లోనే పాడాలి. 'మై బన్ కీ చిడియా' అశోక్ కుమార్, దేవికా రాణి కెమెరా ముందు పాడిందే. మైకుకు శబ్దం పడుతుందని ఫ్యాన్లు బంద్, తలుపులు బంద్. పైన పెద్ద పెద్ద దీపాలు. బొంబాయి మే నెలలో మూసిన స్టేజీలో నిలబడ్డవాళ్లకే తెలుస్తుంది ఆ నరకం. నా రోజుల్లో డబ్బింగు వచ్చేసింది కాబట్టి ఫ్యాన్లు తిరిగేవి, అయినా చొక్కాలు పిండుకునేవాళ్లం. మేకప్ కారిపోయే లోపల లైటింగ్ అవ్వాలి. మొహానికి మెత్తగా, కురుల అంచున వెనకనుంచి సన్నటి వెలుగు గీత. దేవికా రాణి బొమ్మలన్నీ చూడండి, ఆ గీత లేకుండా ఒక్కటుంటే చెప్పండి.

ఇంకో సంగతి నాకు చాలా ఆలస్యంగా తెలిసి, రాత్రి పదింటికి కాకకు ఫోన్ చేసి మరీ చెప్పాను. బాంబే టాకీస్ వాళ్ల భాభీ, 1938లో వచ్చింది. దర్శకుడు ఓస్టెన్, కెమెరా విర్షింగ్. హీరో పైడి జైరాజ్, మన కరీంనగర్ మనిషి. నిజాం కాలేజీలో చదివి బొంబాయి పోయి మూకీల కాలంలోనే హీరో అయినవాడు, 1980లో దాదాసాహెబ్ ఫాల్కే అవార్డు తీసుకున్నవాడు. ఓ కరీంనగరోడి మొహం మీద మ్యూనిక్ మనిషి లైటు పెట్టాడు! కాక అటువైపు కాసేపు ఏమీ మాట్లాడలేదు. తర్వాత "నాకంటె ముందే మనోడొకడు ఉండెనన్నట్టు" అన్నాడు, కొంచెం నిష్టూరంగా.

*

1939 సెప్టెంబరులో యుద్ధం వచ్చింది. ఇండియాలో ఉన్న జర్మన్లందరూ రాత్రికి రాత్రే శత్రువులైపోయారు. ఓస్టెన్ అప్పటికే, 1936లో, నాజీ పార్టీ సభ్యత్వం తీసుకున్నవాడు. ఆయన్ను కొంతకాలం నిర్బంధించి, వయసు పైబడిందని జర్మనీకి పంపేశారు. మళ్లీ రాలేదు. విర్షింగ్ మాత్రం ఇక్కడే క్యాంపుల్లో ఉండిపోయాడు. అహ్మద్‌నగర్, దేవలాలి, డెహ్రాడూన్... జర్మన్లను పెట్టిన ముళ్లకంచెలు అప్పట్లో ఇవీ. 1940లో హిమాంశు రాయ్ పోయాడు. 1945లో దేవికా రాణి చిత్రకారుడు స్వెతొస్లావ్ రోరిక్‌ను పెళ్లాడి సినిమాలే మానేసింది. కంపెనీ చీలిపోయింది. మొదట్నుంచీ ఉన్నవాళ్లు ఒక్కొక్కరూ వెళ్లిపోతుంటే ఈయన కంచె లోపల కూచున్నాడు.

ఈ సంగతులు చదివాక మా ఊరి ప్రయాణం మారిపోయింది. మన్మాడ్‌లో మారిన బండి నాసిక్ దాటి, ఇగత్‌పురి ఘాటుకు ముందు దేవలాలిలో ఆగేది. మంచి చల్లటి గాలి, చాయ్ కేకలు. అంతకుముందు నిద్రలో దాటేసే స్టేషన్. తర్వాత్తర్వాత ఆ స్టేషన్ వస్తే మెలకువ వచ్చేసేది. ఏళ్ల తరబడి చేతిలో కెమెరా లేకుండా ఆ మనిషి పొద్దుటి ఎండను, సాయంత్రపు ఎండను ఎట్లా చూస్తూ కూచున్నాడో అని. ఎండ ఎటు వాలిందో లెక్కగట్టకుండా ఉండటం మా పనివాళ్లకు చేతకాదు. ఇప్పటికీ పెళ్లికి పోతే నేను మొదట చూసేది పెళ్లికూతురి మీద లైటు ఎటునుంచి పడుతోందనే. మా ఆవిడ నవ్వుతుంది.

బయటికొచ్చాక ఆయన మ్యూనిక్ పోలేదు. మళ్లీ బాంబే టాకీస్‌కే వచ్చాడు. అప్పటికి కంపెనీని నడుపుతున్నది అశోక్ కుమార్, సావక్ వాచా. ఒకప్పుడు కెమెరా ముందు చేతులు ఎక్కడ పెట్టాలో తెలియక తడబడిన ల్యాబు కుర్రాడే ఇప్పుడు యజమాని. 1948లో జిద్దీ తీశాడు విర్షింగ్. దేవ్ ఆనంద్‌కు పేరొచ్చింది దాంతోనే. మరుసటి ఏడు మహల్.

*

మహల్ గురించి ఎంత రాసినా కాక ఊరుకోడు, కాబట్టి కొంచెం ఆగుతాను.

దాన్ని నేను మొదట చూసింది దూరదర్శన్‌లో, దాదర్‌లో ఓ చాల్‌లో, పొరుగువాళ్ల టీవీ ముందు నేల మీద కూచుని. చిన్న నలుపు తెలుపు టీవీ, యాంటెన్నా గాలికి తిరిగిపోతే పిల్లాడు మేడెక్కి సరిచేయాలి. అయినా ఆ పెద్ద పాడుబడ్డ బంగళాలో గడియారం రెండు గంటలు కొట్టి, లతా గొంతు ఎక్కడో దూరం నుంచి మొదలయ్యేసరికి గదిలో అందరూ గమ్మునైపోయారు. 'ఆయేగా ఆనేవాలా' అందరికీ తెలుసు. ఖేమ్‌చంద్ ప్రకాశ్‌ను తలుచుకుంటారు, లతాను తలుచుకుంటారు, ఉయ్యాల మీద మధుబాలను తలుచుకుంటారు. న్యాయమే. కానీ ఆ పాట అట్లా ఒళ్లు జలదరించేలా ఉండటానికి సగం కారణం కంటికి కనపడనిది. చేతి దీపం గది గది తిరుగుతుంటే ఆ దీపంతోపాటు గోడలు కదులుతాయి. ఒక దీపం చేతిలో నడవాలంటే దాని వెలుగు నిజంగా దాంట్లోంచి రాదు. ఫిల్ముకు ఆ గుడ్డి దీపం చాలదు. పైన చెక్కల మీద కూచున్నవాళ్లు నటుడి అడుగుతో అడుగు కలిపి ఒక లైటు తగ్గిస్తూ ఇంకో లైటు పెంచుతూ పోవాలి. ఒక్కడు ఒక్క క్షణం ఆలస్యమైనా దెయ్యం పారిపోతుంది, కరెంటు మిగులుతుంది.

మా కాక ఈ సంగతి అన్నం తింటూ చేత్తో చేసి చూపించేవాడు. కంచం అశోక్ కుమార్, నీళ్ల గ్లాసు స్తంభం. ఎడమ చెయ్యి ఒక బేబీ లైటు, కుడి చెయ్యి ఇంకోటి. "గీన్ని దింపుతా ఉండాలె, గాన్ని ఎక్కిస్తా ఉండాలె. ఏగిరపడొద్దు. మోటు చేయొద్దు." పెరుగు చల్లారిపోయిందని (పెరుగు చల్లారడమేమిటో ఆయనకే తెలియాలి) పిన్ని అరిచేదాకా అదే పని.

కమాల్ అమ్రోహీకి అది మొదటి సినిమా, దర్శకుడిగా. ఆయన ఆ తర్వాత విర్షింగ్‌ను వదల్లేదు. బాంబే టాకీస్ మూతబడ్డాక కూడా తన దగ్గరే పెట్టుకున్నాడు. 1960లో వచ్చిన దిల్ అప్నా ఔర్ ప్రీత్ పరాయీ అమ్రోహీ నిర్మించింది, కెమెరా విర్షింగ్‌దే. ఇక పాకీజా.

*

పాకీజా తీసినన్నాళ్లు ఓ తరం పిల్లలు పుట్టి పెళ్లీడుకొచ్చారు అంటే పెద్ద అతిశయోక్తి కాదు. 1950ల నడుమ నలుపు తెలుపుల్లో మొదలైంది. రంగుల ఫిల్ము వచ్చిందని మళ్లీ రంగుల్లో. తర్వాత వెడల్పాటి తెర సినిమాస్కోప్ వచ్చిందని మళ్లీ స్కోప్‌లో. ప్రతిసారీ లైటింగ్ మొత్తం కొత్తగా నేర్చుకోవాల్సిందే. నలుపు తెలుపుల్లో గులాబీ రంగు చీరా, బూడిదరంగు గోడా ఒకటే. రంగుల్లో అట్లా కుదరదు. పైగా రంగు ఫిల్ము వెలుతుర్ని తాగేస్తుంది. స్కోప్ లెన్స్ ఇంకా తాగుతుంది. మ్యూనిక్‌లో మూకీలతో మొదలుపెట్టిన మనిషి యాభై దాటాక ఇదంతా దిద్దుకున్నాడు.

హాలీవుడ్ నుంచి ఎం.జి.ఎం. వాళ్ల దగ్గర అద్దెకు తెచ్చిన స్కోప్ లెన్స్ కథ ఒకటి బొంబాయిలో ప్రతి కెమెరా గోడౌన్‌లో చెప్పుకునేవాళ్లు. ఫోకస్ వెంట్రుకవాసి తేడా కొడుతోందని అమ్రోహీ పట్టుకున్నాడని, వాళ్లు నమ్మక పరీక్ష చేస్తే నిజమేనని తేలి, ఆ లెన్స్ ఆయనకే కానుకగా ఇచ్చేశారని. మా గోడౌన్‌లో ఏదైనా లెన్స్ మీద ఫిర్యాదు వస్తే యజమాని చిరాకుపడి "నువ్వేమన్నా కమాల్ అమ్రోహీవా?" అనేవాడు.

1964లో అమ్రోహీ, ఆయన భార్య, పాకీజా హీరోయిన్ మీనా కుమారి విడిపోయారు. షూటింగ్ ఆగింది. 1967లో విర్షింగ్ బొంబాయిలోనే కన్నుమూశాడు. 1968లో సంగీత దర్శకుడు గులాం మహమ్మద్ పోయాడు. 1969లో షూటింగ్ మళ్లీ మొదలయ్యేసరికి మీనా కుమారి ఆరోగ్యం చెడి ఉంది. కొన్ని నాట్యాల్లో ముసుగు కింద పద్మా ఖన్నా ఆడింది. నేపథ్య సంగీతం నౌషాద్ చేశాడు. వేర్వేరు కెమెరామన్లు వచ్చి మిగిలింది తీశారు. అందరి పనీ ఒక్కటే: లేనివాళ్లు ఉన్నట్టు కనిపించాలి. 1972 ఫిబ్రవరిలో సినిమా వచ్చింది, మార్చి ఆఖర్న మీనా కుమారి పోయింది. ఛాయాగ్రహణం జోసెఫ్ విర్షింగ్ అనే తెర మీద పడింది.

వచ్చిన కెమెరామన్లలో కొందరు అప్పటికే పేరున్నవాళ్లు. తమ పద్ధతి తమకుంది. అది పక్కన పెట్టి, పోయినాయన పద్ధతిలో లైటు పెట్టాలి. ఇది నాకెప్పుడూ చాలా పెద్ద మనసు పని అనిపిస్తుంది. కెమెరామన్లు ఎంత పట్టుదల మనుషులో దగ్గర్నుంచి చూశాను కాబట్టి చెబుతున్నాను. తర్వాత హైదరాబాద్ వచ్చేశాక ఓ సినిమాకు మధ్యలో కెమెరామాన్ మారితే, కొత్తాయన మొదటి రోజే పాత లైట్లన్నీ దింపించి "నా సంతకం నాది" అన్నాడు. విడుదలయ్యాక ఆ అతుకు కనపడనివాడు లేడు.

ఇన్నేళ్లలో పాకీజాను ఎన్నోసార్లు చూశాను, ఆపి ఆపి చూశాను, ఇప్పుడు ఫోన్లో వేలితో జరిపి జరిపి చూస్తున్నాను. ఫౌంటెన్ల నీళ్ల మీద మెరుపు, వెనక కోఠాల్లో, అంటే నాట్యగత్తెల మేడల్లో, ఒకదాని వెనక ఒకటి వెలిగే గదులు, అందులో ఆడే చిన్న చిన్న బొమ్మలాంటి మనుషులు, ముందున్న మొహం మీద మెత్తటి కాంతి. ఏది బతికుండగా తీసింది, ఏది పోయాక తీసింది? నాకు చెప్పడం చేతకాలేదు.

*

కాకకు ఎల్‌ఈడీ లైట్లంటే పడేది కాదు. మా అబ్బాయి పెళ్లికి వచ్చినప్పుడు వీడియోవాళ్లు చేతిలో పట్టే పలకలాంటి లైటు తెచ్చారు. కాక దగ్గరికెళ్లి వేలితో ముట్టుకుని చూశాడు. కాలలేదు. "ఇదేం లైటురా, సల్లగున్నది" అన్నాడు. ఆ కుర్రాడు మీట తిప్పితే అదే లైటు పసుపు నుంచి నీలానికి మారింది. కాక ఆ మీట తీసుకుని భోజనాలయ్యేదాకా అటూ ఇటూ తిప్పుతూనే ఉన్నాడు. పడదన్న మాటే గానీ వదిలిపెట్టలేదు.

అంతకుముందు సంగతి ఇంకోటి. విర్షింగ్ సినిమాలే కాదు, పక్కన చేతిలో స్టిల్ కెమెరా పట్టుకుని వేల ఫోటోలు తీశాడు. నటీనటులవి, సెట్లవి, షూటింగ్ మధ్యలో టీ తాగుతున్నవాళ్లవి. గోవాలో ఉన్న ఆయన కుటుంబం వాటిని భద్రంగా దాచింది. 2017 డిసెంబరులో పణజిలో వాటిని ప్రదర్శనకు పెట్టారు. నేను ప్రత్యేకంగా బస్సెక్కి వెళ్లాను. దేవికా రాణి, అశోక్ కుమార్, ఓస్టెన్ టోపీ... అందరూ చూసేవి నేనూ చూశాను. ఆ తర్వాత ఫోటోల అంచుల్లో వెతకడం మొదలుపెట్టాను. స్టాండు కాళ్ల దగ్గర, నీడలో, మెట్ల మీద. ఎవరో ఒక లైట్‌బాయ్ దొరుకుతాడేమోనని. అక్కడక్కడా మనుషులున్నారు, సగం కోసుకుపోయి, ఎటో చూస్తూ. పేర్లు లేవు.

బయటికొచ్చి మాండోవి నది ఒడ్డున నిలబడి కాకకు ఫోన్ చేశాను. అప్పటికే మాట తడబడుతోంది ఆయనకు. "జర్మన్ సాబ్ ఫోటోలు చూసిన కాకా. పెద్దోళ్లందరున్నరు. మీ అసొంటోళ్లు సరిగ్గా ఒక్కరు కూడ లేరు" అన్నాను, కొంచెం బాధగానే.

కాక కిసుక్కున నవ్వాడు. దగ్గొచ్చింది, ఆగి, మళ్లీ నవ్వాడు.

"పిచ్చోడా, మేమంత ఫోటోల నిలబడితె మరి కట్టర్ ఎవడు పట్టాలెరా?"